పుట్ట లేని గొడుగు

అక్టోబరు మూడో వారం. సియాటెల్ పక్కన రెడ్మండ్‌లో, మా వీధి చివరి దాకా నడిచి వెనక్కి రావడం నాన్నకి రోజూ సాయంత్రం కాలక్షేపం. ఆవేళ బిర్చ్ చెట్ల కింద గడ్డి దగ్గర టక్కున ఆగిపోయాడు.

"అమ్మాయ్, ఎవరో పిల్లలు బొమ్మ పారేసుకున్నట్టున్నారు, చూడు."

బొమ్మ కాదు. అరచేయంత వెడల్పున టోపీ. ఆరుద్ర పురుగు వీపు మీద ఉండే ఎరుపు. దాని మీద అటుకులు చల్లినట్టు తెల్లటి బొడిపెలు. పక్కనే ఇంకా విచ్చుకోనిది ఒకటి, కోడిగుడ్డంత. పిల్లల కథల పుస్తకాల్లో మరుగుజ్జులు కాపురముండే ఇల్లు ఇదే. వాట్సాప్‌లో పుట్టగొడుగు బొమ్మ కూడా దీన్ని చూసి వేసిందే. నాన్న కర్ర ఆన్చుకుని వంగి, గడ్డి అటూ ఇటూ తప్పించి చూసి, నేను ఎదురుచూడని మాట అడిగాడు.

"పుట్టేదీ?"

నవ్వేశాను గానీ, నిజానికి ఆ కాసేపటిలో ఎవరూ అడగని మంచి ప్రశ్న అదే. నేను చూసింది రంగు. ఆయన చూసింది అది నిలబడిన చోటు.

నాన్న పెరిగింది రంపచోడవరం వైపు. తొలకరి పడి నాలుగు ఉరుములు ఉరిమాక తెల్లారగట్ల గంప పట్టుకుని అడవికి పోయిన బాల్యం ఆయనది. ఆయన లెక్కలో పుట్టగొడుగు అంటే పుట్ట మీద మొలిచే గొడుగే. కొన్నిచోట్ల పుట్టకొక్కులు అన్నా అందులోనూ పుట్ట ఉంది. మిగిలినవన్నీ కుక్కగొడుగులు, వాటి జోలికి పోకూడదు. ఈ విభజన పల్లెటూరి మాటలా వినిపిస్తుంది కానీ అందులో గట్టి శాస్త్రం ఉంది. ఒక రకం చెదలు ఎండుటాకులూ పుల్లలూ నమిలి, ఆ పిప్పితో పుట్ట లోపల తేనెపట్టులాంటి అరలు కడతాయి. వాటి మీద ఒక శిలీంధ్రాన్ని సాగు చేస్తాయి. తాము అరిగించుకోలేని పీచుని అది అరిగించిపెడుతుంది. వానలు పడ్డాక ఆ అరల నుంచే కాడ లేచి, మట్టిని చీల్చుకుని, గొడుగు విప్పుతుంది. అందుకే అసలైన పుట్టగొడుగుని జాగ్రత్తగా తవ్వితే కాడ కింద పొడవాటి వేరులాంటిది లోపలికి దిగి ఉంటుంది. ఈ ప్రజాతికి 1942లో ఫ్రెంచి శాస్త్రవేత్త రోజర్ హైమ్ టెర్మిటోమైసిస్ అని పేరు పెట్టాడు. చెదల శిలీంధ్రం అని అర్థం. 1979లో తమిళనాడులో దొరికిన ఒక జాతికి ఆయన పేరే కలిపి టెర్మిటోమైసిస్ హైమీ అన్నారు. ఇంత తతంగం లేకుండానే మన భాష ఆ సంగతిని ఒక్క మాటలో పెట్టేసుకుంది.

మరి ఈ ఎర్రదానికి పుట్ట లేదు. దానికున్నది చెట్టు.

మట్టి కింద దీని పోగులు బిర్చ్ వేళ్ల కొసల చుట్టూ చేతికి తొడుగు వేసినట్టు అల్లుకుని ఉంటాయి. వేరు చొరలేని సందుల్లోకి ఆ పోగులు దూరి, నీరూ భాస్వరమూ నత్రజనీ తెచ్చి చెట్టుకిస్తాయి. చెట్టు ఆకుల్లో వండిన చక్కెరలో కొంత వాటికిస్తుంది. బిర్చ్, పైన్, స్ప్రూస్, ఫర్, ఇలా కొన్ని చెట్లతోనే దీనికి పొత్తు. కొబ్బరి చెట్టు కిందో చింత చెట్టు కిందో ఇది మొలవదు. ఒక్కదాన్నే తీసుకెళ్లి పాల పుట్టగొడుగుల్లా షెడ్డులో సంచుల్లో పెంచడమూ కుదరదు. బిర్చ్ మనకి మరీ పరాయిది కాదు లెండి. కాశ్మీరంలో పండితులు గ్రంథాలు రాసుకున్న భూర్జపత్రం హిమాలయాల్లో పెరిగే బిర్చ్ బెరడే.

ఈ పుట్టగొడుగు పుట్టిల్లు ఉత్తరార్ధగోళపు చల్లటి అడవులు. కానీ మొక్కలతో పాటు వేళ్లకి అంటుకుని ఓడలెక్కింది. న్యూజిలాండ్, ఆస్ట్రేలియా, దక్షిణాఫ్రికాల్లో పైన్ నాటిన చోటల్లా తేలింది. మనకి దగ్గర్లో కొడైకెనాల్, నీలగిరి కొండల పైన్ తోటల్లోనూ నమోదైంది. అంచేత ఇలాంటిది ఎక్కడైనా కనబడితే ముందు తలెత్తి పైన ఏ చెట్టుందో చూడాలి.

నేను మాత్రం ఆ పని చేయకుండా ఫోను తీశాను. యాప్ రెండు క్షణాల్లో చెప్పేసింది: అమానిటా మస్కేరియా. ఆ వేళ అది నిజమే చెప్పింది. కానీ ఫోటో తీసింది పైనుంచి. పుట్టగొడుగు చిరునామా ఎక్కువగా రాసి ఉండేది టోపీ కిందా, మట్టి లోపలా. ఇంటికెళ్లి కూరలు తరిగే పాత కత్తి ఒకటీ, సంతకి తీసుకెళ్లే గుడ్డసంచీ తెచ్చాను. ముట్టుకుంటే ఏమీ కాదు, ఈ విషం చర్మంలోంచి ఎక్కదు. చేతులు కడుక్కుంటే చాలు. నాన్న మాత్రం చేతులు వెనక్కి కట్టుకుని నిలబడ్డాడు.

మొదట బొడిపెలు. గోటితో గీకితే ఊడి వచ్చేశాయి. చర్మంలోంచి పుట్టినవైతే అంత తేలిగ్గా రావు. అవి చిన్నప్పటి పెంకు ముక్కలు. పక్కన గుడ్డులా ఉన్న పిల్లదాన్ని నిలువునా కోస్తే సంగతి తెలిసింది. లోపల టోపీ, మొప్పలు, కాడ అన్నీ చిన్నచిన్నగా తయారై ఉన్నాయి, వాటన్నిటినీ చుట్టి బయట ఒక పొర. లోపలిది పెరిగి ఉబ్బేకొద్దీ ఆ పొర సాగలేక పెటపెటా పగిలి, టోపీ మీద ముక్కలుగా మిగిలిపోతుంది. టోపీ చర్మం కింద పసుపు రంగు గీత ఒకటి సన్నగా కనబడింది. ఈ దశలో దీన్ని గుర్తుపట్టడానికి ఆ గీత మంచి ఆధారం.

టోపీ తిరగేస్తే మొప్పలు తెల్లగా, పుస్తకం పుటల్లా దగ్గరదగ్గరగా ఉన్నాయి. ఏ ఒక్కటీ కాడని తాకడం లేదు. కాడ తెలుపు. దాని మీద పైభాగంలో చిన్న పావడాలా వేలాడుతున్న పొర. మొప్పలు ముదిరేదాకా వాటిని కప్పి ఉంచిన తెర అది, విచ్చుకున్నాక కాడకి ఉంగరంలా ఉండిపోతుంది.

అసలైంది ఇంకా కిందుంది. పుట్టగొడుగుని పుటుక్కున తుంపేవాళ్లు దీన్ని మట్టిలోనే వదిలేసి వస్తారు. కత్తి లోతుగా దించి పెళ్లగిస్తే కాడ అడుగున చిన్న ఉల్లిగడ్డలాంటి ఉబ్బు వచ్చింది. దాని చుట్టూ మెట్లుమెట్లుగా మూడు నాలుగు పొలుసుల వలయాలు. గుడ్డు పొర పగిలాక కింద మిగిలిన భాగం ఇది. అమానిటా ప్రజాతిలో ఒక్కో జాతికి ఇది ఒక్కో తీరుగా ఉంటుంది. కొన్నిటిలో తెల్లటి సంచీలా కాడని పట్టుకుని ఉంటుంది. కొన్నిటిలో ఇలా వలయాలవుతుంది. ఎర్ర టోపీ, ఊడే బొడిపెలు, తెల్ల మొప్పలు, పావడా, వలయాల గడ్డ, మీద బిర్చ్ చెట్టు. ఇవన్నీ ఒకేచోట కుదిరితేనే పేరు పలకాలి. ఒక్కటి తేడా వచ్చినా మళ్లీ మొదటికి రావాలి.

ఎంత చిన్న తేడా ఎంత పని చేస్తుందో 1897 నవంబరులో వాషింగ్టన్ నగరంలో తేలింది. ఇటలీకి చెందిన ఒక కౌంట్ అక్కడి అంగట్లో వీటిని చూసి, తమ దేశంలో ప్రాణం పెట్టి తినే సీజర్ పుట్టగొడుగు అనుకుని కొన్నాడు. వైద్యుడైన స్నేహితుడితో కలిసి ఇష్టంగా తిన్నాడు. స్నేహితుడు బతికాడు, ఆయన పోయాడు. ఈ ఎర్రది మనిషిని చంపడం చాలా అరుదు, ఆ అరుదైన వాటిలో ఇదొకటి. సీజర్ పుట్టగొడుగూ అమానిటాయే, టోపీ కూడా నారింజ కలిసిన ఎరుపే. అయితే దాని మొప్పలూ కాడా బంగారు పసుపు, అడుగున తెల్లటి సంచీ, టోపీ మీద బొడిపెలుండవు. దాని దగ్గరి చుట్టాలు మన హిమాలయ అడవుల్లోనూ ఉన్నాయి. ఆ కౌంట్ కొన్న వాటి మీద బొడిపెలు ఉన్నాయో లేదో గానీ, వానకి అవి కొట్టుకుపోతాయన్నది నిజం. తిరగేసి మొప్పల రంగు చూసి ఉంటే ఆ ప్రాణం దక్కేదేమో.

వానకి బొడిపెలే కాదు, ఎరుపూ పోతుంది. అది నాకు మరీ సరదాగా అనిపించిన సంగతి. మందారంలో ఉండే ఎరుపు వేరు, టమాటాలో వేరు. దీనిలో ఉండేవి బీటాలెయిన్లు. బీట్‌రూట్, ఎర్ర తోటకూర, కాగితం పూలు, బ్రహ్మజెముడు పండు, చిన్నప్పుడు చిదిమి సిరా చేసుకున్న బచ్చలిపండ్లు, అన్నీ ఆ కుటుంబపు రంగులే. మొక్కల్లో ఒక వర్గానికే పరిమితమైన ఈ రంగు, ఏ చుట్టరికమూ లేని శిలీంధ్రాల్లో మళ్లీ ప్రత్యక్షమైంది. నీళ్లలో కరిగే రంగు కనక నాలుగు వానలు పడితే ఎరుపు కాస్తా నారింజగా, ఆపైన వెలిసిన పసుపుగా దిగిపోతుంది. రంగుని నమ్ముకున్నవాడి గతి అంతే.

"అయినా దీనికి ఈ పేరేంటి?" అన్నాడు నాన్న. లాటిన్‌లో మస్కా అంటే ఈగ. ముక్కలు చేసి పాలలో వేసి సాసరులో పెడితే ఈగలు తాగి మగతగా పడిపోతాయని యూరప్‌లో పల్లెటూళ్లకి ఎప్పటినుంచో తెలుసు. 13వ శతాబ్దంలోనే ఆల్బర్టస్ మాగ్నస్ దీన్ని రాసిపెట్టాడు. 1753లో లినేయస్ శాస్త్రీయ నామంలోకి ఈగని ఎక్కించాడు. తమాషా ఏమంటే నేను కోసిన పెద్దదాని కాడలో ఈగ జాతి పురుగుల పిల్లలు హాయిగా తొలుచుకుంటూ ఉన్నాయి. ఒక అంచుని నత్త అప్పటికే కొరికేసింది. అడవిలో పురుగు తిన్నది మనమూ తినొచ్చు అనే నమ్మకం మన దగ్గరా ఉంది. ఆ నమ్మకాన్ని ఎక్కడ పాతిపెట్టాలో ఈ కాడ చూస్తే తెలుస్తుంది.

విషం సంగతిలో ఈ పుట్టగొడుగు వైద్యుల్నీ తప్పుదారి పట్టించింది. 1869లో ష్మీడబర్గ్, కోప్ అనే ఇద్దరు దీనిలోంచి ఒక పదార్థాన్ని వేరుచేసి మస్కరిన్ అన్నారు. ఆ పదార్థం వైద్యశాస్త్రానికి చేసిన మేలు అంతా ఇంతా కాదు. నాడులు గుండెకీ గ్రంథులకీ కబురు ఎలా అందిస్తాయో తెలుసుకోవడానికి అదొక తాళంచెవి అయింది. ఆ కబురు అందుకునే గ్రాహకాలని ఇప్పటికీ మస్కరినిక్ అనే పిలుస్తారు. అయితే ఈ పుట్టగొడుగులో మస్కరిన్ ఉన్నది లేశమాత్రం. మస్కరిన్‌కి విరుగుడు ఆట్రోపిన్, మన ఉమ్మెత్తలో ఉండే మందే. పేరు చూసి ఆట్రోపిన్ ఇస్తే ఒక్కోసారి తికమక మరింత పెరిగేది. అసలు పనిచేసేవి ఐబోటెనిక్ ఆమ్లం, మస్కిమాల్ అని 1960లలో జపాన్, స్విట్జర్లాండ్ శాస్త్రవేత్తలు తేల్చారు. మొదటిది మెదడులో ఉత్సాహపరిచే గ్లుటమేట్ వేషం వేస్తుంది. రెండోది శాంతపరిచే గాబా వేషం వేస్తుంది. ఒకటి తోలుతుంటే ఇంకొకటి కళ్లెం లాగుతుంటుంది. అందుకే తిన్నవాడు అరగంట నుంచి రెండు గంటల్లో వాంతులు, తూలడం, గోల, మళ్లీ గాఢనిద్ర, మళ్లీ ఉలికిపాటు, ఇలా ఊగిసలాడతాడు. ఎండబెడితే మొదటిది రెండోదిగా మారుతుంది. అంటే ఎండు ముక్క, పచ్చి ముక్క ఒక్క తీరుగా పనిచేయవు.

గ్లుటమేట్ అనగానే వంటింటివాళ్లకి అజినమోటో గుర్తొస్తుంది. నిజమే, ఐబోటెనిక్ ఆమ్లానికి ఆ రుచే ఉంది, దానికన్నా ఘాటుగా. చేదుగా ఉంటే విషం, కమ్మగా ఉంటే మంచిది అనే సూత్రం కూడా ఇక్కడితో సరి.

వాసన్ అనే అమెరికన్ బ్యాంకరు 1968లో ఒక పుస్తకం రాసి, ఋగ్వేదంలోని సోమం ఈ ఎర్ర పుట్టగొడుగేనన్నాడు. ఆకుల, పూల, వేళ్ల ప్రస్తావన లేకుండా ఎర్రగా మెరిసే వస్తువు గురించి అంత పాడారంటే పుట్టగొడుగే అయి ఉండాలన్నది ఆయన వాదం. సంస్కృత పండితులు చాలామంది ఒప్పుకోలేదు, నాకూ పొసగలేదు. రాళ్ల మధ్య దంచి, ఉన్నితో వడకట్టి, పాలు కలిపే ఆ తతంగమంతా నార ఉన్న కాడకి సరిపోయినట్టు ఈ మెత్తటి కండకి సరిపోదు. ఆ మాటలు పట్టుకుని ఇప్పుడు అమెరికాలో దీని సారం కలిపిన చాక్లెట్లూ జెల్లీ బిళ్లలూ పొగాకు దుకాణాల్లో అమ్ముతున్నారు. దీన్నీ, దీని సారాన్నీ ఆహారంలో కలపడానికి అనుమతి లేదని 2024 డిసెంబరులో ఇక్కడి ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ స్పష్టం చేయాల్సి వచ్చింది.

రాత్రి భోజనాల దగ్గర నాన్న తన పద్ధతులన్నీ బయటికి తీశాడు. విషమున్నదైతే ఉడికేటప్పుడు వేసిన వెండి చెంచా నల్లబడాలి. వెల్లుల్లి రెబ్బ రంగు మారాలి. నేను ఒక్కొక్కటీ కొట్టేస్తూ వచ్చాను. నిజంగా ప్రాణాలు తీసే విషం వెండిని నల్లబరచదు, వెల్లుల్లిని మార్చదు, ఉడికిస్తే పోదు.

ఆ ప్రాణాలు తీసేది ఈ ఎర్రదాని సొంత చుట్టం, అమానిటా ఫాలాయిడిస్. మృత్యుటోపీ అనుకోండి. అది పిలిచి చూపించే రంగులో ఉండదు. పాలిపోయిన ఆకుపచ్చ, ఒక్కోసారి దాదాపు తెలుపు. యూరప్ నుంచి మొక్కల వేళ్లతో వలస వచ్చి, ఇప్పుడు సియాటెల్ వీధి చెట్ల కింద కూడా మొలుస్తోంది. తిన్న ఆరు నుంచి పన్నెండు గంటల దాకా ఏమీ తెలియదు. తర్వాత వాంతులు, విరేచనాలు. ఆ తర్వాత ఒక రోజు అంతా తగ్గినట్టే ఉంటుంది. ఆ రోజునే లోపల కాలేయం కూలిపోతూ ఉంటుంది. కణంలో జన్యువులని చదివి నకలు తీసే ఎంజైముని ఆ విషం బిగించేస్తుంది, కొత్త ప్రోటీన్ల తయారీ ఆగిపోతుంది. ఒక్క పుట్టగొడుగు చాలు.

ఇక్కడ నాన్నలాంటి వాళ్ల గురించే నా భయం. 2011 డిసెంబరు 31 రాత్రి ఆస్ట్రేలియాలోని కాన్‌బెర్రాలో కొత్త సంవత్సరం విందుకి చైనా నుంచి వచ్చిన వంటవాడొకరు చెట్టు కింద దొరికిన పుట్టగొడుగులు వండాడు. తిన్నవాళ్లలో ఇద్దరు చనిపోయారు. వాళ్ల ఊళ్లో తెలిసిన వరిగడ్డి పుట్టగొడుగు అనుకున్నారు. అది మన పొలాల్లోనూ గడ్డివాముల దగ్గరా వచ్చేదే, మన దగ్గర పెంచి అమ్మేదే. పసితనంలో అదీ గుడ్డే, మృత్యుటోపీ కూడా గుడ్డే. రెండిటికీ అడుగున సంచీ. తెలివి తక్కువై మోసపోలేదు వాళ్లు. సొంత ఊళ్లో తప్పని కన్ను, ఆ చుట్టం లేని చోట నేర్చుకున్న కన్ను, కొత్త దేశంలో తప్పింది. ఊళ్లో ఉన్నా తప్పుతుంది. 2022 ఏప్రిల్‌లో అస్సాంలో అడవి పుట్టగొడుగులు తిని 13 మంది పోయారు, ఎక్కువమంది తేయాకు తోటల కుటుంబాలవాళ్లు.

వరిగడ్డి పుట్టగొడుగునీ మృత్యుటోపీనీ విడదీసే పరీక్ష ఒకటి ఉంది, నాన్నకి చేసి చూపించాను. ఒక కాగితంలో సగం నల్లది, సగం తెల్లది అతికించి, ఎర్ర టోపీని కాడ కోసేసి మొప్పలు కిందికి ఉండేలా బోర్లించాను. గాలి తగలకుండా పైన పాత రసం గిన్నె మూతపెట్టాను. వంటింటి గట్టు మీద కాదు, గ్యారేజీలో. తెల్లారి గిన్నె తీస్తే నల్ల సగం మీద ముగ్గు పిండితో గీసినట్టు తెల్లటి చక్రం, ఒక్కో మొప్పకి ఒక్కో గీత. తెల్ల సగం మీద ఏమీ కనబడలేదు. ఆ పొడి సిద్ధబీజాలు, ఒక్కొక్కటీ మిల్లీమీటరులో నూరో వంతు. అమానిటాలన్నిటికీ తెలుపే. వరిగడ్డి పుట్టగొడుగుకి గులాబీ రంగు. పుట్ట మీద మొలిచే నాన్న పుట్టగొడుగుకీ లేత గులాబీయే. విచ్చుకోని గుడ్డు మాత్రం పొడి రాల్చదు, అంచేత ఆ వయసులో ఈ పరీక్ష చేతికందదు.

ఆయన కాగితాన్ని కిటికీ దగ్గరికి తీసుకెళ్లి చాలాసేపు చూశాడు. "మీ అమ్మ ముగ్గు ఇంత సాపుగా వేయలేదు ఎప్పుడూ" అన్నాడు.

అంతా తేలినట్టే అనిపించింది గానీ, ఒక కొసరు మిగిలింది. 2006లో వచ్చిన డీఎన్‌ఏ అధ్యయనం ఒకటి, చూడటానికి ఒకే తీరుగా ఉండే ఈ ఎర్రటోపీల్లో యూరప్, ఆసియా వాటికీ అమెరికా వాటికీ మధ్య చెరపలేని గీత గీసింది. అమెరికావాటికి గుడ్డు పొర లేతలో కాస్త పసుపు. మా వీధిలోదాన్ని మస్కేరియా అనడం చిన్నప్పటి పేరుతో పిలవడం లాంటిదేనని, వేరే పేరు పెట్టాలని కొందరి పట్టు.

పది రోజులు ముసురు. ఆగాక మళ్లీ అదే చెట్టు కిందికి వెళ్లాం. గడ్డిలో వెలిసిపోయిన నారింజ టోపీ ఒకటి, మీద ఒక్క బొడిపె లేదు. నేను ఫోను తీస్తుంటే నాన్న వారించి, ముందు తలెత్తి బిర్చ్ కొమ్మలు చూశాడు. తర్వాత చేతికర్ర కొసతో కాడ మొదట మట్టి మెల్లగా తీయడం మొదలుపెట్టాడు.

"ఉండవే, గడ్డకి మెట్లున్నాయో లేవో చూడనీ."